కాదనడం రాని అన్న

మొన్న బా ఊరి బజారులో చిక్కుడుకాయలు అమ్ముకుని తిరిగొస్తుంటే, కోర్టు ముందు ఒక ముసలాయన తలపాగా విప్పి చంకలో పెట్టుకున్నాడు. ఆయన లోపలికి పోలేదు. ఊరికే రోడ్డు మీద నడిచి పోతున్నాడంతే. కోర్టు ప్రహరీ దాటగానే మళ్ళీ తలకు చుట్టుకున్నాడు. నేను బుట్ట దించి, ఆయన మలుపు తిరిగేదాకా చూస్తూ నిలబడ్డాను. మా అన్న కాదు. మా అన్న పోయి చాలా ఏళ్ళయింది. కాని ఆ తలపాగా విప్పడం మాత్రం అచ్చం ఆయనదే.

అన్న అంటే ఒక తల్లి కడుపున పుట్టినవాళ్ళం కాదు. ఒకే ఓడలో వచ్చాం. మద్రాసులో ఎక్కింది మొదలు ఈ చెరుకు దీవిలో దిగేదాకా ఎవరికి ఎవరు మంచినీళ్ళు అందిస్తే వాళ్ళే చుట్టాలయ్యారు. నేను వాంతులతో లేవలేకుండా పడి ఉంటే, ఈయన ఎక్కడ సంపాదించాడో గాని రేగిపండంత చింతపండు తెచ్చి, "నోట్లో ఎట్టుకో సెల్లీ" అన్నాడు. అంతే, చెల్లెలినైపోయాను. దీన్ని ఇక్కడ జహాజీ చుట్టరికం, అంటే ఓడ చుట్టరికం అంటారు. రక్తం పంచుకున్న చుట్టరికం కంటే గట్టిదని అందరూ గొప్పగా చెబుతారు. గట్టిదే కావచ్చు, దాని బరువు మాత్రం మోసినవాళ్ళకే తెలుసు. ఆయన పేరు రాయను. కోర్టు కాగితాల్లో అది ఎక్కినన్నిసార్లు చాలు.

ఐదేళ్ళు చెరుకు తోటలో పని చేస్తామని మేము వేలిముద్ర వేసిన కాగితాన్ని గిర్మిట్ అనేవాళ్ళం. ఆ ఐదేళ్ళూ ఇచ్చిన పని పూర్తి కాకపోతే నేరం, పనికి రాకపోతే నేరం, కుళంబరు దొరకు ఎదురు మాట్లాడితే నేరం. తోట మీద పెత్తనం చేసే తెల్లవాణ్ణి కుళంబరు అంటారు. ఆయన ఫిర్యాదు చేస్తే చాలు, కోర్టుకు నడవాల్సిందే. మేముండే కూలి లైన్లలో, ఆ వరస గదుల్లో, పంటినొప్పికి ఒకరు, పురుడు పొయ్యడానికి ఒకరు ఉన్నట్టే, కోర్టుకు మా అన్న ఉండేవాడు. చదువుకున్నవాడని కాదు. మా అందరిలోకీ ఎక్కువ జరిమానాలు కట్టినవాడని.

ఎవరికైనా వాయిదా పడిందంటే ముందు రోజు సాయంత్రం ఆయన గది ముందు చేరాలి. కిరసనాయిలు డబ్బా బోర్లించి దాని మీద మేజిస్ట్రేటు సాయెబులా తను కూర్చునేవాడు. ముద్దాయిని ఎదురుగా నిలబెట్టేవాడు.

"తలపాగా తీసెయ్. చంకలో ఎట్టుకో, సేతిలో కాదు. సేతులు కట్టుకో. సాయెబు కళ్ళలోకి సూడకు, బూట్లు సూడు. నీ పేరు పిలుస్తారు. పిలవగానే ఏటంటావు?"

"ఒంట్లో బాగులేక పనికి..."

"మళ్ళీ మొదలెట్టినావా? నీ ఒంటి సంగతి ఆలకెందుకు? గిల్టీ సాబ్ అను. ఒప్పీసుకో, ఇంటికి ఎల్లిపో."

ఎదురుగా ఉన్నవాడు ఆ మాట తడబడకుండా అనేదాకా వదిలేవాడు కాదు. తర్వాత డబ్బా మీంచి దిగి, వాడి వీపు తట్టి, పొద్దున్నే నడిచేటప్పుడు తినడానికి రొట్టె కట్టించుకోమని చెప్పేవాడు. తన దగ్గర రెండు రొట్టెలుంటే ఒకటి ఇచ్చేవాడు కూడా.

నేనూ ఆ డబ్బా ముందు నిలబడ్డదాన్నే. జ్వరంతో లేవలేక పనికి పోకపోతే నా మీద కేసు పెట్టారు. మా నాన్న వీధిబడి పంతులు, నాకు నాలుగక్షరాలు నేర్పాడు. ఆ పొగరుతో నేను జ్వరం సంగతి అంతా వివరంగా చెబుతానన్నాను. అన్న నవ్వలేదు, కోప్పడలేదు. "నీకు జొరం వొచ్చిందని నాకు తెల్సు, మా ముఠా సర్దారుకి తెల్సు, కుళంబరుకీ తెల్సు. ఇంక సాయెబుకి తెలిస్తే ఏటి, తెలకపోతే ఏటి?" అన్నాడు. మర్నాడు నేను బూట్లు చూస్తూ ఆయన చెప్పమన్న మాటే చెప్పాను. చిన్న జరిమానాతో మధ్యాహ్నానికి లైన్లలో ఉన్నాను. నా తర్వాత పిలిచిన తమిళామె మాత్రం ఒప్పుకోక, నా బిడ్డకు ఒళ్ళు కాలిపోతోందని ఏడ్చింది. అక్కడున్న దుబాసీకి హిందూస్తానీ తప్ప రాదు. ఆమె మాట ఎవరికీ అందలేదు. ఆమెకు నాకు పడినదానికి రెట్టింపు పడింది. ఆ రోజున మా అన్న చెప్పింది వేదమే అనుకున్నాను. అబద్ధం ఎందుకు, ఆ కోర్టుకు అది వేదమే.

ఆయన ఈ వేదం ఎక్కడ నేర్చుకున్నాడో ఒకసారి అడిగాను. జామపుల్లతో పళ్ళు తోముకుంటున్నాడు. తోముకోవడం ఆపలేదు.

"కొత్తలో ఒకసారి నేనూ కాదన్నాను. పని మొత్తం సేసినాను సాబ్, కుళంబరు కొలత తప్పు అన్నాను. జరిమానాతో పాటు జైలు కూడా ఏసినారు. తిరిగొస్తే, రాళ్ళ సేను నా కోసం అట్టేపెట్టినాడు కుళంబరు. కాదన్నోడికి రెండు దెబ్బలు, అవునన్నోడికి ఒకటి. ఇందులో సదువేటుంది సెల్లీ?"

నోరు మంచిదైతే ఊరు మంచిదంటారు. మా అన్న నోరు మరీ మంచిదైపోయింది. కోర్టు బయట కూడా ఆయనకు అదే అలవాటైంది. ఎవరి మేకో ఆయన పాదులో పడి తింటే, మేకవాడి దగ్గరకు పోయి "కంచె సరిగ్గా ఎయ్యనేదు, తప్పు నాదే" అనేవాడు. భజనలో ఎవరి తాళం తప్పినా అందరికంటే ముందు ఈయన చెంపలు వేసుకునేవాడు. నాకు ఒళ్ళు మండిపోయేది. "వాన రాకపోతే అది కూడా నీ తప్పేనా అన్నా?" అని దెప్పాను. కాస్త ఆలోచించి, "అడిగినోళ్ళుంటే అలగే అంటాను" అన్నాడు. ఆయనతో పోట్లాడటం నీళ్ళను గుద్దడమే.

గిర్మిట్ అయ్యాక ఇద్దరం బా నది ఇవతల చెరో చెక్క నేల కౌలుకు తీసుకున్నాం. నాది కూరపాదులకు సరిపోయేంత. మిగతా రోజుల్లో చెరుకు కంపెనీ తోటలో కలుపు కూలికి పోయేదాన్ని. ఆయన చెరుకు వేశాడు. ఎడ్లు లేకుండా చెరుకు లేదు. దుకాణం ఆసామి దగ్గర నోటు రాసి ఒక జత ఎడ్లు కొన్నాడు. ఒకటి ఎర్రది, ఒకటి బొల్లిది. మనుషులతో ఏనాడూ వాదించని మా అన్న ఆ ఎడ్లతో పొద్దస్తమానం వాదించేవాడు. "ఏటి, ఇప్పుడే అలిసిపోనావా? నేను నమ్మను. అబద్ధాలాడకు నా దగ్గర. కాదంటే కాదు, ఈ సాలు అయ్యాకే." ఆ కేక మా పాదుల్లోకి వినపడేది. నేను నవ్వుకునేదాన్ని. ఆ గొంతు ఆయనకు ఉందని లైన్లలో మాకెవరికీ తెలియదు.

రెండు చెరుకు కోతల సొమ్ముతో ఆ బాకీ తీర్చేశాడు. ఆఖరి విడత ఇచ్చిన రోజు నేను కిరసనాయిలు కోసం దుకాణానికి పోయి ఉన్నాను. నా కళ్ళెదుటే ఇచ్చాడు, ఆసామి పుచ్చుకుని కళ్ళకద్దుకున్నాడు. నోటు ఉన్న పెట్టె తాళం ఇంట్లో ఉందనీ, తర్వాత వచ్చి తీసుకోమనీ చెప్పాడు. అబద్ధం చెప్పే మనిషి కాదు, బద్ధకస్తుడు. మన దేశంలో బాకీ తీరగానే నోటు నిలువునా చింపి చేతిలో పెడతారు. ఆ ముక్కలు పొయ్యిలో పడేదాకా ఇంట్లో ఆడవాళ్ళు ఊరుకోరు. దారిలో అన్నకు అదే చెప్పాను.

"ఎనక్కెళ్ళి నోటు అడుగన్నా."

"ఇప్పుడే సొమ్ము పుచ్చుకుని నవ్వినాడు. ఇంతలోకే కాయితం అడిగితే, నమ్మనట్టుండదా?"

"నమ్మకం వేరు, నోటు వేరు."

"అలగే, రేపు అడుగుతాను" అన్నాడు. ఆ రేపు రాలేదు. కొన్నాళ్ళకు ఆ ఆసామి దుకాణం అమ్మేసి, ఓడెక్కి ఇండియాకు వెళ్ళిపోయాడు. దుకాణం కొన్న కొత్తాయన సరుకుతో పాటు పెట్టెలోని నోట్లు కూడా కొన్నాడు. మా అన్న నోటు వాటిలో చెక్కుచెదరకుండా ఉంది. కొత్తాయన్నీ తప్పు పట్టలేను. ఆయన చేతిలో వేలిముద్ర ఉన్న కాగితం ఉంది, దాని వెనక చెల్లు రాసి లేదు. ఆయన దావా వేశాడు.

సమను తెచ్చిన పోలీసుకు మా అన్న చాప వేసి, ఈ దీవి వాళ్ళు తాగే యాంగోనా వేరు కషాయం కొబ్బరిచిప్పలో కలిపిచ్చి, రెండు చేతులతో కాగితం అందుకున్నాడు. పెళ్ళి శుభలేఖ అందుకున్నా అంత మర్యాదగా అందుకోడు. నేను ఆ కాగితం లాక్కుని, కోర్టు వరండాలో అర్జీలు రాసే ఆయన దగ్గరికి అన్నను తీసుకుపోయాను. ఆయన చదివి, కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుని చెప్పాడు. "ఇది గిర్మిట్ కేసు కాదు. సివిల్ దావా. జైలు, జరిమానా ఉండవు. నోటు బాకీ ఒప్పుకుంటావా, కాదంటావా అని అడుగుతారు. తీర్చేశానని చెప్పు. అప్పుడు సాక్షి ఉందా అని అడుగుతారు, ఈమెను పిలుస్తారు. వాళ్ళ దగ్గర కాగితం ఉంది, మీ దగ్గర మనిషి ఉంది. సాయెబు వినకపోడు."

"ఒప్పీసుకుంటే?" అన్నాడు అన్న.

"ఒప్పుకుంటే అక్కడితో సరి. డిక్రీ ఇస్తారు. కట్టకపోతే జప్తు చేసే అమీనా వచ్చి ఎడ్లను తోలుకుపోతాడు."

ఎడ్లు పోతే కౌలు పోతుంది, కౌలు పోతే మళ్ళీ పార పట్టుకుని ఇంకొకరి తోటలోకి పోవాలి. అది ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు. ఈసారి డబ్బా మీద నేను కూర్చున్నాను. ఆయన్ని ఎదురుగా నిలబెట్టాను.

"బాకీ ఒప్పుకుంటావా?"

"సొమ్ము ఇచ్చీసినాను సాబ్."

"మళ్ళీ చెప్పు. నేల చూడకు."

"ఇచ్చీసినాను సాబ్. మా సెల్లి సూసింది."

బాగానే చెప్పాడు. మర్నాడు పొలంలో ఎడ్లకు కూడా అదే చెబుతుంటే విన్నాను. గొంతు ఎత్తి, గట్టిగా, ఆ ఎడ్లే దావా వేసినట్టు. గెలిచామనే అనుకున్నాను. కోర్టులో ఓడినవాడు అక్కడ ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడంటారు. ఏడిస్తే ఏడ్చాంలే, ఎడ్లు దక్కితే చాలనుకున్నాను.

వాయిదా రోజు తెల్లవారకముందే బయల్దేరాం. దారి పొడుగునా ఆయన ఆ మాటే నెమరు వేసుకుంటూ వచ్చాడు. కోర్టు ప్రహరీ కనపడగానే తలపాగా విప్పి చంకలో పెట్టుకున్నాడు. మాట ఆగిపోయింది.

అదే గది. అదే సాయెబు. అదే దుబాసీ. సివిల్ దావాలకని వేరే గదీ లేదు, వేరే మనిషీ లేడు. ముందు గిర్మిట్ కేసులు పిలిచారు. తోటల నుంచి తెచ్చిన ఆడా మగా గోడ వారగా వరసలో నిలబడ్డారు. పేరు పిలవడం, చేతులు కట్టుకోవడం, గిల్టీ సాబ్, తర్వాతి పేరు. కొందరికి ఆ మాట ఆయనే నేర్పి ఉంటాడు. నేను అన్న ముఖం వైపు చూశాను. ఆయన పెదవులు ఒక్కొక్కరితో పాటు కదులుతున్నాయి. మోచేత్తో పొడిచాను. తిరిగి చూడలేదు.

అప్పుడు ఆయన పేరు పిలిచారు.

లేచాడు. తలపాగా చంకలో సర్దుకున్నాడు. సాయెబు బల్ల కింద బూట్లు కనపడేచోట నిలబడ్డాడు. కొత్త దుకాణదారు నోటు పైకెత్తి చూపించాడు. దుబాసీ దావా చదివి, ఒప్పుకుంటావా లేదా అని హిందూస్తానీలో అడిగాడు.

"గిల్టీ సాబ్."

గుమాస్తా పక్కున నవ్వాడు. సాయెబు నవ్వలేదు. కలం కింద పెట్టి, దుబాసీతో ఏదో చెప్పాడు. దుబాసీ ఈసారి నెమ్మదిగా, విడమరిచి అడిగాడు. ఇది నేరం కేసు కాదు, బాకీ కేసు. ఈ బాకీ నువ్వు ఇవ్వాలా? మొత్తం ఇవ్వాలా?

ఆ సాయెబు ఎవరినైనా రెండోసారి అడగడం నేను చూసింది ఆ రోజే. అడిగాడు పాపం. నిజంగానే అడిగాడు.

"పూరా సాబ్" అన్నాడు మా అన్న. "గిల్టీ."

నేను కూర్చున్న బల్ల మీంచి లేచి, "సాబ్, ఇచ్చేశాడు, నేను చూశాను" అని తెలుగులో అరిచాను. పోలీసు భుజం నొక్కి కూర్చోబెట్టాడు. నన్ను సాక్షిగా పిలవాలంటే మొదట అన్న కాదనాలి. ఆయన కాదనలేదు. ఖర్చులతో సహా డిక్రీ అన్నారు. తర్వాతి పేరు పిలిచారు.

తిరిగి వస్తుంటే ఆయన కంటే పది అడుగులు ముందు నడిచాను. పక్కన నడిస్తే తిట్లే వస్తాయని. చెరుకు రైలు పట్టాలు దాటాక ఇక ఆగలేకపోయాను.

"ఏమైందన్నా నీకు? ఒక్క మాట! ఒక్క మాట చెప్పలేకపోయావా?"

"సెబ్దామనే నిలబడ్డాను. పేరు పిలిచీసినారు కదా."

"పిలిస్తే?"

"పిలిచినాక ఆ గదిలో నా నోరు నాది కాదు సెల్లీ. బూట్లు సూసినాను, అదే వొచ్చీసింది." కొంచెం దూరం నడిచాక, నన్ను ఓదార్చడానికే కాబోలు, "మద్దేన్నానికి ఇంటికాడుంటాం సూడు" అన్నాడు.

నాకు దుఃఖం వచ్చింది. ఆయన మీద జాలితో కాదు. ఆయన్ని అలా తయారు చేసిన ఐదేళ్ళ మీద కోపంతో. మనిషికి నాగలి పట్టడం నేర్పినట్టు తల వంచడం నేర్పారు. ఆ విద్య ఆయనకు బాగా పట్టుబడింది. చివరికి ఒక సాయెబు నిజం అడిగిన రోజున, చెప్పే అవయవం లేకుండా పోయింది.

అర్జీలు రాసే ఆయన ఇంకా దారి ఉందన్నాడు. అడిగింది అర్థం కాక అలా చెప్పానని అన్న ప్రమాణం చేస్తే, డిక్రీ కొట్టేసి మళ్ళీ విచారణ పెట్టమని దరఖాస్తు పెట్టవచ్చట. నేను ఎగిరి గంతేసినంత పని చేశాను. అన్న మాత్రం ఎర్ర ఎద్దు మెడ గోకుతూ, "అర్తం కానేదని పెమాణం సెయ్యాలా?" అన్నాడు.

"అవును."

"అర్తమయ్యే సెప్పినాను గదా. దుబాసీ రెండుసార్లు అడిగినాడు. అర్తం కానేదంటే అబద్దమవుతాది. అది నేను సెయ్యను."

బతిమాలాను. తిట్టాను. నీ ఓడ చెల్లెల్ని కాను పొమ్మన్నాను. సెయ్యను అంటే సెయ్యను అన్నాడు. ఎవరు ఏమన్నా తలాడించే మా అన్న, ఒక మనిషి ముఖం మీద కాదనడం నేను విన్నది అదొక్కసారే. అది నాతోనే అన్నాడు.

అమీనా వచ్చిన రోజు ఎండ తీవ్రంగా ఉంది. ఎడ్లను జప్తు చేస్తున్నానని చదివాడు. అన్న కాడి విప్పి, రెండిటికీ కడుపునిండా నీళ్ళు పెట్టి, పలుపులు అతని చేతికిచ్చాడు. అవి కదలలేదు. అమీనా లాగాడు, వెంట వచ్చిన పోలీసు వెనకనుంచి అదిలించాడు. బొల్లిది కాళ్ళు తన్నిపెట్టి నిలబడిపోయింది. చివరికి అమీనా విసిగిపోయి, బాలో వేలం దాకా తోలుకొస్తే ఒక షిల్లింగు కూలి ఇస్తానని అన్ననే అడిగాడు. అన్న సరేనన్నాడు. పలుపులు మళ్ళీ చేతిలోకి తీసుకుని, "పదండి, మనకి శానా దూరముంది" అన్నాడు. అవి ఆయన వెంట నడిచాయి. నేను పాదుల్లోకి వెళ్ళి, కలుపుతో పాటు మొక్కలు కూడా పీకేశాను.

సాయంత్రం దీపాల వేళకు తిరిగొచ్చాడు. తన గుడిసెకు పోకుండా నా గడప ముందు ఆగాడు. ఎడ్ల వేలంతో డిక్రీ సొమ్ము తీరిపోయిందన్నాడు. పంచె కొంగు ముడి విప్పి, షిల్లింగు తీసి గడప మీద పెట్టాడు.

"ఏమిటిది?"

"నీ కూలి. సాచ్చికానికని వొచ్చి ఆ రోజు పని పోగొట్టుకున్నావు."

"నేను సాక్ష్యం చెప్పనే లేదు కదన్నా."

"సెప్పనియ్యనిది నేను. నువ్వొచ్చినావు."

"ఆడకూలి అంత లేదు."

"అంత దూరం నడిచినావు. అదీ కలుపుకో."

వద్దని ఆ షిల్లింగు ఆయన మీదికి విసిరికొట్టాలనిపించింది. కాని ఆయన గడప దగ్గర అలాగే నిలబడ్డాడు, నేను పుచ్చుకునేదాకా కదిలేట్టు లేడు. తీసుకుని కొంగున కట్టుకున్నాను. ఆయన బరువు దిగినట్టు గట్టిగా ఊపిరి వదిలి, నా ముఖంలోకి చూసి నవ్వాడు.

"ఇంక నేనెవురికీ బాకీ లేను సెల్లీ" అన్నాడు.

మర్నాడు పొద్దున, చెరుకు మిల్లు కూత వేసే వేళకు, పార భుజాన వేసుకుని కంపెనీ తోటకు నాతో పాటు కూలికి బయల్దేరాడు.